తుడిచిన వ్రాత తిరిగివచ్చుట

వ్రాసినది నశించుననెడి భయము వ్రాతతోడనే పుట్టినది. తాటియాకు పురుగునకును తేమకును లోబడునని యెఱిగిన మన పూర్వులు దానిని భద్రపఱచుటతో తృప్తి నొందక, ప్రతిమీద ప్రతి వ్రాయించుచు వచ్చిరి. ఒక యింటి ప్రతి చెదల పాలైనను వేఱొక యూర నింకొక ప్రతి నిలిచియుండెడిది. నేడు మనవారు, అందును ముఖ్యముగా మన స్త్రీలు, వ్రాయుచున్న తావు వేఱు. పత్రికాధిపతి యనుగ్రహము నపేక్షింపక, అచ్చుకూలి చెల్లింపక, వంటయింటి పని తీఱిన వెనుక ఫేస్‌బుక్కునందో ఇన్‌స్టాగ్రామునందో తమ యనుభవములను వ్రాసికొనుచున్నారు. ఆ వ్రాతలకు ప్రతులు లేవు. వ్రేలు జాఱి మీటకూడని చోట మీటినంతనే సంవత్సరముల శ్రమ కంటికి మఱుగగును. అట్లు పోగొట్టుకొన్నవారితో లోకులు రెండు విధములుగ మాటలాడుదురు. పోయినది పోయినదే యని కొందఱు. యంత్రములో పడినది యెన్నడును పోదని మఱికొందఱు. రెండును సగము సత్యములే. ఏ సగ మెప్పుడు సత్యమో తెలియవలెనన్నచో గడచిన నలువదియేండ్ల చరిత్రను కొంత చూడవలసియున్నది.

మొట్టమొదట 'తుడుచుట' యన నేమో విచారింతము. పలకమీది యక్షరములను తడిగుడ్డతో తుడిచినచో నవి నిజముగనే పోవును. కంప్యూటరు సాధారణముగ నట్లు చేయదు. బడిలో హాజరుపట్టీనుండి యొక బాలుని పేరు కొట్టివేసినంతమాత్రమున వాడు బల్లమీదినుండి మాయము కాడు గదా! ఆ బల్లమీద వేఱొకనిని కూర్చుండబెట్టువఱకు వాడక్కడనే యుండును. పూర్వపు ఎమ్మెస్-డాస్ యంత్రములలో జరుగుచుండినది సరిగ నిదియే. ఫైలు పేరులోని మొదటియక్షరమును మార్చి, అది యాక్రమించిన చోటు ఖాళీ యని గుఱుతు పెట్టెడివారు. లోపలి వ్రాత చెక్కుచెదరక యుండెడిది. ఈ రహస్యమును బట్టియే 1982లో పీటరు నార్టన్ అను నమెరికనుడు తుడిచిన ఫైళ్ళను లేపెడి ఉపకరణమును సిద్ధపఱచి విక్రయించెను. అది పోయిన మొదటియక్షర మేదో చెప్పుమని యజమానినే యడిగెడిది. షరతు మాత్ర మొక్కటి: ఆ నడుమ క్రొత్త వ్రాత యేదియు ఆ చోట పడరాదు. పోయినదని తెలిసిన పిదపకూడ యంత్రమును వాడుచునే యుండినవారికి నార్టనేమి, ఎవరును తోడ్పడజాలకపోయిరి.

మనుష్యుడు పొరబడునను విషయము యంత్రము చేయువారికి క్రమముగ తెలిసివచ్చినది. 1983లో ఆపిల్ కంపెనీవారు 'లీసా' యను కంప్యూటరునందు తెఱమీద నొక చెత్తబుట్ట బొమ్మను పెట్టిరి. 1995లో విండోసునందు 'రీసైకిల్ బిన్' వచ్చినది. తుడిచినది ముందు బుట్టలో పడును. బుట్ట గ్రుమ్మరించువఱకు తీసికొనవచ్చును. మన గృహిణులకు దీనిని వేఱుగ బోధింపనక్కఱలేదు. చెత్త నూడ్చిన వెంటనే పాఱబోయక, పోయిన ముక్కుపుడక యందున్నదేమో యని యొకమాఱు చూచెడి యలవాటు వారికి తరతరములుగ నున్నదే.

ఐతే యిదంతయు మన యింటి యంత్రములోని ఫైలు మాట. పదిమంది చదువుటకై పెట్టిన వ్రాత మన యింట నుండదు, ఒరులయింట నుండును. అట్టి వ్రాతలు పోయి మరల దొరకిన కథలలో యూజ్‌నెట్ కథ మిక్కిలి విచిత్రమైనది.

నేటి సామాజిక మాధ్యమములకు ముత్తాతయనదగిన యీ యూజ్‌నెట్టును 1979లో ఉత్తర కరొలీనాలోని డ్యూకు విశ్వవిద్యాలయ విద్యార్థులగు టామ్ ట్రస్కాట్, జిమ్ ఎల్లిస్ అనువారు తలపెట్టిరి. ఒక విశ్వవిద్యాలయపు యంత్రము మఱియొకదానికి టెలిఫోను చేసి, తనయొద్ద చేరిన జాబుల నందజేయుచుండెడిది. ఎవరైన వ్రాయవచ్చును, ఎవరైన బదులు చెప్పవచ్చును. కాని యానాడు డిస్కుల వెల మిక్కుటము. జాబు వచ్చిన కొన్నిదినములకో కొన్నివారములకో దానిని తుడిచి క్రొత్తదానికి చోటిచ్చెడివారు. ఎవరును పొరబాటున తుడువలేదు. తుడుచుటయే యచ్చటి నియమము. వ్రాసినవారును దానిని సంభాషణ యని తలచిరే కాని గ్రంథమని తలపలేదు.

కెనడా దేశమునందలి టొరాంటో విశ్వవిద్యాలయమున జంతుశాస్త్రశాఖవారి కంప్యూటరును చూచుచుండిన హెన్రీ స్పెన్సర్ మాత్రము 1981వ సంవత్సరము మొదలుకొని 1991వఱకు తన యంత్రమునకు వచ్చిన జాబులను అయస్కాంతపు టేపులమీద కెక్కించి దాచుచు వచ్చెను. అట్లు 141 టేపులు పోగుపడినవి. వానిలో నున్న జాబులు సుమారు ఇరువదిలక్షలు. జంతుశాస్త్రమునకును వీనికిని సంబంధ మేమియు లేదు. పై యధికారి యాజ్ఞ లేదు, ధనసహాయము లేదు. పిమ్మట వెస్టరన్ ఆంటేరియో విశ్వవిద్యాలయమునందలి డేవిడ్ వైజ్‌మన్ ఆ టేపులను తన బండిలో వేసికొని పోయి, మిత్రుల తోడ్పాటుతో నొక్కొక్కటిగ చదివించెను. 2001 ఫిబ్రవరిలో గూగుల్ కంపెనీ, 1995 నుండి యూజ్‌నెట్ జాబులను కూర్చుచుండిన డేజా యను సంస్థ భాండారమును కొనెను. స్పెన్సరు టేపులును, మఱికొందఱు దాచిన ప్రతులును దానితో చేరినవి. 2001 డిసెంబరులో ఇరువదియేండ్ల జాబులు, డెబ్బదికోట్లకు పైబడినవి, లోకమునకు మరల చదువ దొరకినవి. 1991 ఆగస్టు 6వ తేదిని టిమ్ బెర్నర్స్-లీ తన 'వరల్డ్ వైడ్ వెబ్'ను గూర్చి ప్రకటించిన జాబు వానిలో నొకటి.

తెలుగువారికి నీ భాండారములో భాగము కలదు. అమెరికాకు చదువులకై పోయిన మన యువకులు యూజ్‌నెట్టునందు తెలుగునకై ప్రత్యేకముగ నొక చర్చావేదికను నెలకొల్పుకొనిరి. తెలుగులిపి తెఱమీద నెక్కని యా రోజులలో రైస్ విశ్వవిద్యాలయమునందు రూపొందిన పద్ధతి ననుసరించి, ఆంగ్లాక్షరములతోనే తెలుగు పద్యములను వ్రాసి, అర్థములకై వాదులాడుకొనిరి. ఛందస్సును గూర్చి కొందఱు, ఊరగాయను గూర్చి కొందఱు. పరదేశమున మాతృభాషకై తపించినవారి తొలివ్రాతలు గదా యవి! ఎవరో పరాయివారు జాబులు దాచియుండనిచో నవి యన్నియు గాలిలో కలిసిపోయెడివి.

ఇట్టిది మన సాహిత్యమున కంతకుముందే యనుభవమైన సంగతి. 1910 నాటి గురజాడ అప్పారావుగారి 'దిద్దుబాటు'ను తొలి తెలుగు కథగా చిరకాలము లెక్కించుచు వచ్చితిమి. భండారు అచ్చమాంబగారు 1902లోనే 'హిందూసుందరి' పత్రికలో 'ధనత్రయోదశి'ని ప్రకటించిన విషయము పాతసంచికలు మిగిలినందున బయటపడినది. ఆ సంచికలు తూకమునకు పోయియుండినచో నొక స్త్రీ వ్రాసిన కథ చరిత్రలోనుండి మాయమైయుండెడిది. మాయమైనదని చెప్పువాడును ఉండెడివాడు కాడు.

దాచినామని తలచి దాచనివారి కథయు నొకటి వినదగినది. 'జర్నల్‌స్పేస్' అను సంస్థ ఆఱేండ్లపాటు జనుల దినచర్యలను తనయొద్ద నుంచుకొన్నది. వారికి రెండు డిస్కులు. ఒకదానిలో వ్రాసినది వెంటనే రెండవదానిలో పడుచుండును. అదియే తమకు రక్షయని వారి విశ్వాసము. 2008 డిసెంబరులో వ్రాతలన్నియు చెఱిగిపోయినవి. ఒకదానిలో చెఱిగినది రెండవదానిలోను ఆ క్షణముననే చెఱిగినది! అద్దములోని బింబము ప్రతి కానేరదు. ముఖము కాలినచో నద్దములోని ముఖమును కాలును. నిపుణులకు చూపినను ఫలము లేకపోయినది. సంస్థ మూతపడినది. వ్రాసినవారిలో కొందఱు, గూగుల్ తన యవసరమునకై తీసియుంచుకొన్న పుటల ప్రతులనుండి తమ వ్రాతల నేఱుకొనిరి. గూగుల్ ఆ ప్రతులను చూపెడి సదుపాయమును 2024లో తీసివేసినది గనుక, నేడిట్టి వెదకులాటకు 1996లో స్థాపింపబడిన ఇంటర్నెట్ ఆర్కైవే ముఖ్యమైన దిక్కు. బహిరంగముగ పెట్టిన పుటలనే యది తీసికొనగలదు. స్నేహితులకు మాత్రమే చూపిన వ్రాత దాని కందదు.

మైస్పేస్ అను సంస్థ 2019లో, తాను 2016కు పూర్వము చేర్చుకొన్న పాటలు, ఛాయాచిత్రములు యంత్రము మార్పులో పోయినవని ప్రకటించినది. ఐదుకోట్ల పాటలకు పైగ నని యంచనా. వానిలో నాలుగులక్షల తొంబదివేలు మాత్రము, విద్యాపరిశోధనకై ముందే దింపుకొన్నవారి వలన తిరిగివచ్చినవి. మన దేశమున నొకనాడు మిక్కిలి ప్రచారములో నుండిన ఆర్కుట్ 2014 సెప్టెంబరు 30వ తేదిని మూతపడినది. తమ వ్రాతలను దింపుకొనుటకు రెండేండ్ల గడు విచ్చిరి. అది కొంత మర్యాద.

ఇక నేటి సంగతి. ఫేస్‌బుక్కు 2020లోను, ఇన్‌స్టాగ్రాము 2021లోను మనము తుడిచినదానిని ముప్పదిదినములు బుట్టలో నుంచు నేర్పాటు చేసినవి. ఫేస్‌బుక్కునందు 'యాక్టివిటీ లాగ్' తెఱచి 'ట్రాష్' అనుదానిలోను, ఇన్‌స్టాగ్రామునందు 'యువర్ యాక్టివిటీ' తెఱచి 'రీసెంట్లీ డిలీటెడ్' అనుదానిలోను చూడవలయును. ఇన్‌స్టాగ్రామునందు స్టోరీలకు మాత్రము, విడిగ భద్రపఱచుకొననిచో, గడువు ఇరువదినాలుగు గంటలే. ట్విట్టరుగ నుండి 2023లో ఎక్స్‌గ పేరు మార్చుకొన్నదానిలో నిట్టి బుట్టయే లేదు. గడువు దాటినది తెచ్చియిత్తుమని రుసుమడిగి, రహస్యపదము చెప్పుమనువారిని నమ్మరాదు. వ్రాత రాదు సరికదా, ఖాతాయును పోవును.

తుడుచుకొనుట వ్రాసినవారి హక్కు గదా, దాచువారి కేమి యధికారమని యడుగువారున్నారు. ఆ ప్రశ్న న్యాయమైనది. స్పెన్సరు టేపుల ప్రతిని ఇంటర్నెట్ ఆర్కైవు జనులకు తెఱచియుంచగా, తన పూర్వపు జాబులు కనబడరాదని యొక వ్యక్తి న్యాయస్థానముల కెక్కుటచే దానిని తీసివేయవలసివచ్చినది. యౌవనమున వ్రాసిన మాట వార్ధక్యమున వెంటాడుట యెవరికి నిష్టము? 2014లో ఐరోపా న్యాయస్థానమును, 2023 నాటి మన సమాచారరక్షణ చట్టమును తుడిపించుకొను హక్కును గుర్తించినవి. మేము కాదనము. కాని పొరబాటున పోయినదానిని తిరిగి తెప్పించుకొను హక్కు నీ చట్టము ప్రత్యేకముగ చెప్పినది కాదు. ముప్పదిదినములన్నది కంపెనీ దయచేసిన గడువు. రేపు పదిదినములనినను అడుగువాడు లేడు.

మఱియు మన యిండ్లలో పొరబాటని చెప్పబడునది యెల్లప్పుడును పొరబాటు కాదు. ఒక్క ఫోనును నలుగురు వాడు కుటుంబములు పెక్కులు. కోడలు వ్రాసినది పరువునకు భంగమని యత్తగారో మగడో తుడిచి, 'చేయి తగిలినది' యని చెప్పిన సందర్భములను మేమెఱుగుదుము. ఆమెకు సంగతి తెలియుసరికి నెల దాటును. గడువు తనకును వర్తించునని ఆమె యెఱుగదు. ఎఱిగినను రహస్యపదము ఆమెచేత లేదు. బాలికలకు చదువు నేర్పించితిమని సంతోషించుచున్న మనము, వారి వ్రాతకు తాళపుచెవి వారిచేతనే యున్నదా యని యొకమాఱు విచారింపవలదా?

తన వ్రాతల నన్నిటిని ఒక్కమాఱుగ దింపుకొను సౌకర్యమును ఫేస్‌బుక్కు 2010లోనే కలిగించినది. తుడిచినవి యందు రావు, నిలిచియున్నవే వచ్చును. గనుక ముందే చేసికొనవలసిన పని. దింపుకొనునప్పుడు ఏ రూపమున కావలెనని యడుగును. 'జేసన్' అను రూపమున తీసికొన్నచో తెలుగక్షరములు చదువరాని గుఱుతులుగ మాఱి కనబడుట కలదు, 'హెచ్.టి.ఎమ్.ఎల్.' అనుదానిని కోరుకొన్నచో తెలుగు తెలుగుగనే యుండును. దానిని ఇంటి కంప్యూటరులో నొకచోటను, విడిగ పెట్టుకొను డిస్కులో నింకొకచోటను ఉంచుకొనవచ్చును.