సరంగు లైసెన్సు

నదులు, కాలువలు, జలాశయాల్లో ఇంజిన్ పడవ నడపడానికి ప్రభుత్వం పరీక్ష పెట్టి ఇచ్చే యోగ్యతా పత్రాల్లో మొదటి మెట్టు సరంగు సర్టిఫికెట్టు. వాడుకలో దీన్నే సరంగు లైసెన్సు అంటారు. ‘సరంగు’ అన్న మాటకు మూలం పారశీకంలోని ‘సర్‌హంగ్’, దళనాయకుడని అర్థం. గోదావరి రేవుల్లో లాంచీ నడిపే మనిషి ఇప్పటికీ సరంగే. కేరళ బ్యాక్‌వాటర్లకు వెళ్తే అదే మాట ‘స్రాంక్’గా వినిపిస్తుంది.

ఈ పత్రాలకు చాలాకాలం ఆధారంగా ఉన్నది 1917 నాటి చట్టం. అప్పట్లో నడిచేవి ఆవిరి పడవలు కాబట్టి చట్టం పేరులోనూ ఆవిరి ఉండేది. డీజిల్ ఇంజిన్లు వచ్చాక ఆ మాట తీసేసి ఇన్‌లాండ్ వెసల్స్ చట్టం అన్నారు. చుక్కాని పట్టేవారికి, ఇంజిన్ చూసేవారికి ఈ చట్టం వేర్వేరు వరసలు పెట్టింది. చుక్కాని వైపు సరంగు, సెకండ్ క్లాస్ మాస్టర్, ఫస్ట్ క్లాస్ మాస్టర్. ఇంజిన్ వైపు డ్రైవర్లు, వారి పైన ఇంజినీరు. ఎంత శక్తిగల ఇంజిన్ ఉన్న పడవకు ఏ హోదా మనిషి కావాలో చట్టమే చెప్పింది. సముద్రం మీద తిరిగే ఓడలకు వేరే చట్టం ఉంది.

పాత చట్టం స్థానంలో 2021లో కొత్త ఇన్‌లాండ్ వెసల్స్ చట్టం వచ్చింది. పత్రాలిచ్చే అధికారం రాష్ట్రాల చేతుల్లోనే ఉన్నా, ఒక రాష్ట్రంలో పొందిన పత్రం ఇప్పుడు దేశమంతటా చెల్లుతుంది. గోదావరి మీద పనిచేసేవారికి ఇది పెద్ద వెసులుబాటు. జాతీయ జలమార్గం-4లో భాగమైన భద్రాచలం–రాజమహేంద్రవరం దారి 171 కిలోమీటర్లు. పై కొస తెలంగాణలో ఉంటే, కింది కొస ఆంధ్రప్రదేశ్‌లో ఉంది. నది ఒక్కటే అయినప్పుడు పత్రమూ ఒక్కటే కావడం న్యాయం.

లైసెన్సు కోరేవారికి పడవ మీద పనిచేసిన అనుభవం ఉండాలి. చాలామంది కళాసీలుగా చేరి, తాడు విసరడం, లంగరు వేయడం నేర్చుకుని, ఏళ్ల తర్వాత చుక్కాని దగ్గరికి వస్తారు. ఆరోగ్యంతోపాటు కంటిచూపునూ పరీక్షిస్తారు. ఎరుపు, ఆకుపచ్చ తేడా తెలియని కన్ను ఈ పనికి పనికిరాదు. ఎందుకంటే రాత్రిపూట పడవకు ఎడమవైపు ఎర్ర దీపం, కుడివైపు పచ్చ దీపం వెలగాలి. ఎదురుగా రెండూ ఒకేసారి కనబడ్డాయంటే అవతలి పడవ సూటిగా మన మీదికే వస్తోందని అర్థం. అప్పుడు ఇద్దరూ కుడికి తిప్పుకోవాలి. ఒక్క పొట్టి కూత వేస్తే ‘కుడికి తిరుగుతున్నాను’ అని, రెండు వేస్తే ‘ఎడమకు’ అని, మూడు వేస్తే ‘ఇంజిన్ వెనక్కి తిప్పుతున్నాను’ అని.

ఇవి పుస్తకం చదివి నేర్చుకోవచ్చు. చేతికి రావలసినవి వేరే ఉన్నాయి. పడవకు బ్రేకు ఉండదు; ఆపాలంటే ఇంజిన్‌ను వెనక్కి తిప్పాల్సిందే. ప్రవాహంతో పాటు కిందికి వస్తున్న లాంచీని రేవుకు చేర్చేటప్పుడు తెలిసిన సరంగు నేరుగా ఒడ్డుకు తోలడు. కాస్త కిందికి దిగి, ముక్కు ఎగువకు తిప్పి, ఏటి వడినే బ్రేకుగా వాడుకుంటూ మెల్లగా ఆనిస్తాడు. మనిషి కుడివైపు నీళ్లలో పడితే చుక్కాని కుడికే తిప్పాలి. అప్పుడు పడవ వెనక భాగం ఎడమకు జరిగి ఫ్యాను అతనికి దూరమవుతుంది. కంగారులో చెయ్యి ఎడమకు పోయిందా, ప్రాణం పోతుంది. పై అంతస్తులో జనం ఎక్కువైతే పడవ నిలకడ తగ్గుతుంది. కొండ కనబడగానే అందరూ ఫోటోల కోసం ఒకే పక్కకు చేరితే ఒరుగుతుంది. వారిని వెనక్కి పంపడం కూడా సరంగు పనే.

2019 సెప్టెంబరు 15న, గోదావరి వరద మీదున్న రోజు, పాపికొండలకు బయలుదేరిన రాయల్ వశిష్ఠ బోటు దేవీపట్నం మండలం కచ్చులూరు దగ్గర మునిగింది. అందులో ఉన్న 77 మందిలో బయటపడినవారు 26 మంది. కచ్చులూరు గిరిజనులు తమ పడవల్లో ఎదురెళ్లి వారిని ఒడ్డుకు చేర్చారు. బోటును ధర్మాడి సత్యం బృందం అక్టోబరు 22న పైకి తీసింది. ఆ తర్వాతి ఏడాది ప్రభుత్వం పర్యాటక రేవుల్లో కంట్రోల్ రూములు తెరిచింది.

సరంగు చదువులో అన్నిటికన్నా కష్టమైన పాఠం ‘ఈ రోజు వెళ్లను’ అనడం. టిక్కెట్లు అమ్ముడయ్యాయి, యజమాని తొందరపెడుతున్నాడు, జీతం ఆయన చేతిలోనే ఉంది. అలాంటప్పుడు సరంగు కాదనగలగాలంటే అతని వెనక చట్టం గట్టిగా నిలబడాలి. పరీక్ష ఎంత కఠినంగా పెట్టినా, ఆ అండ ఇవ్వకపోతే లైసెన్సు సగమే ఇచ్చినట్టు.

సరంగుకు యోగ్యతా పత్రం ఉన్నట్టే పడవకు సర్వే సర్టిఫికెట్టు ఉంటుంది. ఎంతమందిని ఎక్కించవచ్చో అందులో రాసి ఉంటుంది. దాన్ని అందరికీ కనబడేచోట అంటించాలన్న నియమం 1917 చట్టంలోనే ఉంది. పడవ ఎక్కేటప్పుడు ఆ అంకె చూడండి, పక్కనున్న తలలు లెక్కపెట్టండి. ఎక్కువైతే దిగిపోండి.