రెండు ట్యాంకులు, ఆరు రోజుల సెలవు

మాది ఆదోని వైపు కైరుప్పల. ఉగాది మర్నాడు ఊరు రెండుగా చీలి పిడకలతో కొట్టుకుంటుందని టీవీల్లో చూపిస్తారే, ఆ ఊరే. నేను కళ్ళారా చూసిన యుద్ధం అదొక్కటే లెండి. కానీ రోడ్డుకేసి చూస్తూ కూర్చునే తల్లులు మాత్రం నాకు బాగా తెలుసు. వానలు మొహం చాటేస్తే మా వైపు జనం ఇళ్ళకు తాళాలేసి గుంటూరు మిరపకోతలకో, బెంగళూరు బిల్డింగు పనులకో పోతారు. అందుకేనేమో, 'బాలాడ్ ఆఫ్ ఎ సోల్జర్' (1959) మొదట్లోనే ఊరి బాటకేసి చూసే తల్లి కనిపించగానే నేను సబ్‌టైటిల్స్ సంగతి మర్చిపోయా.

కథ చిన్నది. పందొమ్మిదేళ్ళ అల్యోషా, భయంతోనే, రెండు జర్మన్ ట్యాంకుల్ని పేల్చేస్తాడు. జనరల్ పతకం ఇస్తానంటే, 'వద్దు, అమ్మని చూసొస్తా, ఇంటి కప్పు బాగుచెయ్యాలి' అంటాడు. ఆరు రోజులు సెలవు దొరుకుతుంది. దారంతా ఎవరెవరి కష్టాలో నెత్తిన వేసుకుని, చివరికి అమ్మ దగ్గర కొద్ది నిమిషాలే ఉండగలుగుతాడు. వాడు తిరిగి రాడని సినిమా మొదట్లోనే చెప్పేస్తారు. అయినా 'ఈ రైలు తొందరగా కదిలితే బావుణ్ణు' అనుకుంటూనే చూస్తాం!

దర్శకుడు గ్రిగోరి చుఖ్రాయ్ స్వయంగా ఆ యుద్ధంలో పోరాడినవాడు. ముందు హీరోగా తీసుకున్నది ఓలెగ్ స్ట్రిజెనొవ్‌ని. మన నర్గీస్‌తో 'పరదేశి' (1957)లో చేశాడే, ఆయనే. షూటింగ్ మొదలయ్యాక చుఖ్రాయ్ మనసు మార్చుకుని, సినిమా విద్యార్థి వ్లదీమిర్ ఇవషోవ్‌ని తెచ్చాడు. సాహసమే. స్టార్ ఉంటే మనం స్టార్‌ని చూసేవాళ్ళం. ఇవషోవ్‌లో మాత్రం మన పక్కింటి కుర్రాడే కనిపిస్తాడు.

సినిమా 1960లో కాన్స్‌కి వెళ్ళింది, స్క్రీన్‌ప్లేకి ఆస్కార్ నామినేషన్ కూడా వచ్చింది. ఇవషోవ్ తర్వాత చాలా చేశాడు. లెర్మొంతొవ్ నవల సినిమాగా తీస్తే పెచోరిన్ వేషం ఈయనదే, గొంతు మాత్రం ఇంకో నటుడు తిఖొనొవ్‌ది. ఎన్ని చేసినా జనానికి అల్యోషాగానే గుర్తుండిపోయాడు.

1991లో సోవియట్ యూనియన్ పోయింది. సినిమాలూ తగ్గాయి. ఇవషోవ్ మాస్కోలో బిల్డింగు పనికి కూలీగా వెళ్ళాడు. ఇది చదివినప్పుడు బెంగళూరులో మా ఆఫీసు ఎదుట కడుతున్న టవర్ దగ్గర, మా యాసలో మాట్లాడుకుంటూ ఇసుక మోస్తున్నవాళ్ళు గుర్తొచ్చారు. నేను వాళ్ళని ఏ ఊరని ఒక్కసారైనా అడగలేదు.

1995 మార్చి 23న ఇవషోవ్ పోయాడు. అప్పటికి ఆయనకి 55 ఏళ్ళు.