రహీం మాస్టారు – బంగారు పతకం



మా సత్తెనపల్లిలో నలుగురు కలిస్తే ప్రత్తి ధర, మిర్చి తెగులు, ఆ తర్వాత క్రికెట్. ఫుట్‌బాల్ మాట అరుదు. అందుకే మనలాగే నెలజీతం మీద బతికిన ఒక బడిపంతులు ఆ ఆటలో సాధించినదాన్ని ఈ ప్రత్యేక సంచికలో గుర్తు చేయదలిచాను.

సయ్యద్ అబ్దుల్ రహీం 1909లో హైదరాబాదులో పుట్టారు. కాచిగూడ మొదలైన చోట్ల పాఠశాలల్లో ఉపాధ్యాయులు. 1940ల మొదట్లో హైదరాబాద్ సిటీ పోలీసు జట్టు శిక్షణ చేపట్టారు. ఆ జట్టు బొంబాయి రోవర్స్ కప్పును 1950 నుండి 1954 వరకు వరుసగా 5 సార్లు గెలిచింది. 1950లోనే భారత జట్టు బాధ్యత కూడా ఆయనకు దక్కింది.

1951లో ఢిల్లీ ఆసియా క్రీడల ఫైనల్లో ఇరాన్‌ను 1-0తో ఓడించి స్వర్ణం గెలిచాము. మరుసటి ఏడు హెల్సింకీ ఒలింపిక్స్‌లో మనవాళ్ళు చాలామంది వట్టి కాళ్ళతో ఆడి, యుగోస్లావియా చేతిలో 10-1తో ఓడిపోయారు. అంత పరాభవం తర్వాత కూడా మాస్టారు పని మానలేదు. ఆటగాళ్ళు బూట్లకు అలవాటు పడ్డారు. బంతిని ఒక్కడే అట్టిపెట్టుకోకుండా వెంటనే తోటివాడికి అందించడం, రెండు కాళ్ళతోనూ ఆడటం నేర్పించారు. ఫలితంగా 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో ఆస్ట్రేలియాను 4-2తో గెలిచి సెమీఫైనల్ చేరాము. ఆసియా ఖండం నుండి అంతదాకా వెళ్ళిన మొదటి జట్టు మనదే. చివరికి నాలుగో స్థానం దక్కింది.

1962లో జకార్తా ఆసియా క్రీడలు. అప్పటికే మాస్టారిని ఊపిరితిత్తుల కేన్సర్ పట్టుకుంది. మొదటి మ్యాచిలోనే దక్షిణ కొరియా చేతిలో 2-0తో ఓటమి. థాయ్‌లాండుతో ఆటలో వెనుక కాపలా కాసే జర్నైల్ సింగ్ తలకు గాయమైంది. మాస్టారు అతన్ని ఇంటికి పంపలేదు, ముందువరుసకు మార్చారు. సెప్టెంబరు 4న ఫైనల్లో మళ్ళీ అదే కొరియా. ప్రేక్షకులంతా మనకు వ్యతిరేకం. పి.కె. బెనర్జీ ఒక గోలు, తలకు కట్టుతో జర్నైల్ ఒక గోలు కొట్టగా 2-1తో గెలిచాము. ఆసియా క్రీడల ఫుట్‌బాల్‌లో మనకు మళ్ళీ స్వర్ణం రాలేదు.

1963 జూన్ 11న మాస్టారు కన్నుమూశారు. నిండా 54 ఏళ్ళు కూడా లేవు. పింఛను అందుకునే వయసైనా చూడలేదు. శిక్షకులకిచ్చే ద్రోణాచార్య పురస్కారం ఆయన పోయిన 22 ఏళ్ళకు, 1985లో మొదలైంది. 2024లో ఆయన కథ 'మైదాన్' పేరుతో హిందీ సినిమాగా వచ్చేదాకా మన పిల్లల్లో ఎందరికి ఆ పేరు తెలుసు?

ఉద్యోగి చేసిన పని ఫైళ్ళలో కాదు, తీర్చిదిద్దిన మనుషుల్లో నిలుస్తుందని నా అభిప్రాయం. మనవలు, మనవరాళ్ళు క్రికెట్ చూస్తున్నప్పుడు, మధ్యలో ఈ మాస్టారి సంగతి ఒక్కసారి చెప్పండి. వీలైతే మన ఊరి బడుల్లో ఆటల పీరియడును లెక్కల పాఠానికి వాడుకోవద్దని ప్రధానోపాధ్యాయులకూ మనవి చేద్దాం.