అడవికి బ్యాకప్ ఉందా?

మా ఆఫీసులో నా మానిటర్ పక్కన ఒక చెక్క మామిడిపండు ఉంటుంది. నిర్మల్‌లో కొన్నాను. చూసినవాళ్ళంతా చేతిలోకి తీసుకుని "ఇంత తేలిగ్గా ఉందేంటి, లోపల డొల్లా?" అంటారు. డొల్లేం కాదండీ, అది పొనికి కర్ర. దాని బరువే అంత.

కొనేటప్పుడు అక్కడ బొమ్మలు చేసే పెద్దాయన్ని అందరూ అడిగే ప్రశ్నే అడిగాను, మీ తర్వాత ఈ పని నేర్చుకునేవాళ్ళు ఉన్నారా అని. ఆయన నవ్వి, "నేర్సుకునేటోళ్ళు దొరుకుతరు సార్, కర్రనే దొరుకుతలేదు" అన్నాడు. అప్పుడు అంతగా పట్టించుకోలేదు. హైదరాబాద్ వచ్చాక ఆ మాట వదల్లేదు.

నిర్మల్ బొమ్మల చరిత్ర అనగానే మనకి మనుషులే గుర్తొస్తారు. 17వ శతాబ్దంలో నిమ్మనాయుడి కాలంలో నకాషీ కళాకారులు ఇక్కడ స్థిరపడ్డారంటారు. ఊరికి ఆ పేరు కూడా ఆయన వల్లే వచ్చిందంటారు. తర్వాత నిజాముల కాలం. 1955లో కళాకారుల సహకార సంఘం. 2009లో జీఐ గుర్తింపు. 2016లో ఆదిలాబాద్ నుంచి విడిపోయి నిర్మల్ జిల్లానే అయింది. రాజులు, ప్రభుత్వాలు, జిల్లాలు అన్నీ మారాయి గానీ కర్ర మాత్రం మారలేదు. మారడానికి వీల్లేదు కూడా. ఆదిలాబాద్ అంటేనే టేకు, కానీ టేకు గట్టిది, బరువు. పొనికి మెత్తగా ఉలికి లొంగుతుంది. ముక్కలు చెక్కి, చింతగింజల జిగురులో రంపపు పొట్టు కలిపి అతికిస్తే పండో పక్షో తయారవుతుంది. కొండపల్లి బొమ్మలకీ ఇదే కర్ర.

ఈ చరిత్రలో చెట్టు పేరు ఎక్కడా లేదు. జీఐ కాపాడేది బొమ్మ పేరునే, చెట్టుని కాదు. వందల ఏళ్ళు అడవిలోంచి కొట్టుకొస్తూనే ఉన్నాం, మళ్ళీ నాటాలన్న ఆలోచన చాలా ఆలస్యంగా వచ్చింది. ఈలోగా ఊరి దగ్గరి చెట్లు అయిపోయాయి, కర్ర కోసం వెళ్ళాల్సిన దూరం పెరిగింది.

మనలాంటి సాఫ్ట్‌వేర్ వాళ్ళకి వెంటనే తట్టే ఉపాయం ఒకటుంది: బ్యాకప్. అడవికి కూడా బ్యాకప్ తీస్తున్నారు, నిజంగానే. ఉత్తర ధ్రువానికి 1,300 కిలోమీటర్ల దూరంలో, నార్వే వాళ్ళ స్వాల్‌బార్డ్ దీవుల్లో కొండని తొలిచి 2008లో ఒక విత్తనాల ఖజానా కట్టారు. లోపల మైనస్ 18 డిగ్రీలు. మన పటాన్‌చెరులోని ఇక్రిశాట్ కూడా జొన్న, సజ్జ, కంది, శనగ విత్తనాల నకళ్ళు అక్కడ దాచింది. మొదట్లో పంటల విత్తనాలే వెళ్ళేవి. 2015లో నార్వే, ఫిన్లాండ్ దేశాలు తమ స్ప్రూస్, పైన్ చెట్ల విత్తనాలు పంపాయి. అంటే ఒక అడవి సంచుల్లోకెక్కి భూగర్భంలోకి కాపురం మార్చిందన్నమాట!

అయితే బ్యాకప్ తీయడం ఒక ఎత్తు, రీస్టోర్ చెయ్యడం ఇంకో ఎత్తు. రీస్టోర్ చేసి చూడని బ్యాకప్‌ని నమ్ముకుని రాత్రంతా సర్వర్ ముందు కూర్చున్న అనుభవం నాకుంది, మీక్కూడా ఉండే ఉంటుంది. స్వాల్‌బార్డ్‌కి ఆ పరీక్ష కూడా 2015లోనే వచ్చింది. యుద్ధం వల్ల సిరియాలోని అలెప్పో దగ్గరున్న ఇకార్డా విత్తన బ్యాంకు పనిచేసే పరిస్థితి లేకపోతే, అక్కడి శాస్త్రవేత్తలు తాము దాచిన విత్తనాలు వెనక్కి తీసుకుని లెబనాన్, మొరాకోల్లో పండించారు. 2017 నుంచి కొత్త విత్తనాలు మళ్ళీ పంపారు. రీస్టోర్ సక్సెస్! ఎందుకంటే గోధుమ, బార్లీ ఎలా మొలకెత్తుతాయో మనిషికి వేల ఏళ్ళుగా తెలుసు.

పొనికితో చిక్కు సరిగ్గా ఇక్కడే. దాని గింజ పైపెంకు మహా గట్టిది. నేలలో వేసినా చాలా గింజలు మొలకెత్తవు. హైదరాబాద్ సెంట్రల్ యూనివర్సిటీ వాళ్ళు గింజలోని పిండాన్ని బయటికి తీసి ప్రయోగశాలలో మొక్కగా పెంచే పద్ధతుల మీద పని చేశారు. అటవీశాఖా పొనికి మొక్కలు పెంచే ప్రయత్నాలు చేసింది. ఇవి మంచి పనులే. కానీ గాజు సీసాలో మొలిచిన మొక్క ఎండాకాలం తట్టుకుని, ఉలికి పనికొచ్చేంత మాను అవ్వాలంటే ఏళ్ళు పడుతుంది. అన్నేళ్ళు దాన్ని కనిపెట్టుకుని ఉండే మనిషి కావాలి. మైనస్ 18 డిగ్రీల గదిలో ఎన్ని గింజలు దాచినా ఆ మనిషి దొరకడు.

నాకు తోచింది ఒకటే. పొనికి అడవిని భూగర్భంలోకి కాదు, బొమ్మలు చేసేవాళ్ళ ఇళ్ళ దగ్గరికి మార్చాలి. పొలం గట్ల మీద, చెరువు కట్టల పక్కన, బడి ఆవరణల్లో నాటాలి. ఆ చెట్టు కొట్టుకునే హక్కు, బదులు ఇంకోటి నాటే బాధ్యత, రెండూ వాళ్ళకే రాసివ్వాలి. చెట్టుతో అవసరం ఉన్నవాడే దాన్ని బతికిస్తాడు. గింజల్ని ఖజానాలో దాచొద్దని అనను, అదొక్కటే చాలదంటున్నాను.

ఈసారి నాగపూర్ రోడ్డు మీద వెళ్తూ నిర్మల్‌లో ఆగితే బొమ్మ ధర ఎలాగూ అడుగుతారు కదా, కర్ర ఎక్కడి నుంచి వస్తోందో కూడా అడగండి. నా టేబుల్ మీది మామిడిపండు చూడ్డానికి అచ్చం నిజం పండే. కానీ దాన్లో టెంక లేదు.