గడీలో ఒక చిత్రకారుడు

తాడిపత్రిలో పుట్టిన కె.వి. రెడ్డి 1957లో ‘మాయాబజార్’ తీసినప్పుడు కళాదర్శకులు గోఖలే, కళాధర్. అనంతపురం కరువు నేల నుంచి వచ్చిన దర్శకుడి కోసం మద్రాసు స్టూడియోలో ద్వారక లేచింది. మన సినిమాలో కళాదర్శకత్వమంటే చాలాకాలం అదే: లేనిదాన్ని కట్టి చూపించడం.

మూడు దశాబ్దాల తర్వాత, 1988లో, బి. నర్సింగరావు ‘దాసి’కి పనిచేసిన తోట వైకుంఠం పని దానికి పూర్తిగా ఉల్టా. ఆయన స్టూడియో మనిషి కాదు. కరీంనగర్ జిల్లా బూరుగుపల్లిలో పుట్టి, హైదరాబాదులో బొమ్మలు నేర్చుకుని, బరోడాలో కె.జి. సుబ్రమణ్యన్ దగ్గర చదివిన చిత్రకారుడు. నర్సింగరావు కూడా బొమ్మలేసేవాడే కాబట్టి ఇద్దరి మధ్యా చాలా సంగతులు మాటల్లేకుండానే తేలిపోయి ఉంటాయని నా ఊహ.

‘దాసి’లో మాటలు బాగా తక్కువ. దొరసాని వెంట అరణంగా వచ్చిన కమలాక్షి పొద్దున లేచింది మొదలు గడీ చాకిరీలోనే ఉంటుంది. ఆమె తన బాధ చెప్పుకోదు. చెప్పాల్సిందంతా గదులు, వాకిళ్లు, వస్తువులే చెప్పాలి. ఇక్కడ కళాదర్శకుడు కాస్త అందం కోసం కక్కుర్తి పడ్డా సినిమా పోయేదే. గడీ చూడముచ్చటగా ఉంటే మనం దొర పక్షాన నిలబడిపోతాం. వైకుంఠం ఆ పని చేయలేదు.

ఆ ఏడాది జాతీయ అవార్డుల్లో ‘దాసి’కి ఐదు వచ్చాయి. ఉత్తమ తెలుగు చిత్రం, నటి అర్చన సరే. మిగతా మూడూ కంటికి సంబంధించినవే: ఛాయాగ్రహణానికి ఎ.కె. బీర్, దుస్తులకు సుదర్శన్, కళాదర్శకత్వానికి వైకుంఠం.

ఇవాళ వైకుంఠం అనగానే గుర్తొచ్చేది పెద్ద బొట్టు, ఎర్రటి చీర, నిండైన ఒంటితో తెలంగాణ ఆడమనిషి. డ్రాయింగ్ రూముల్లో, క్యాలెండర్ల మీద, ఫోన్ కవర్ల మీద కూడా. పండగకి ముస్తాబైనట్టుండే ఆ మనుషుల్ని చూసి ‘మన సంస్కృతి’ అని మురిసిపోతాం. వాళ్లు ఎవరింట్లో ఏ పని చేస్తున్నారో ఆ బొమ్మలు అడగనివ్వవు. ‘దాసి’ అడిగింది. అదే చిత్రకారుడు, అదే తెలంగాణ. కాకపోతే అక్కడ ఆమె చుట్టూ ఒక ఇల్లుంది, ఆ ఇల్లు ఆమెది కాదు.

ఆయన మీద వచ్చే వ్యాసాల్లో మాత్రం ఈ సినిమా అవార్డుల జాబితాలో ఒక వరుసగానే కనిపిస్తుంది.