లోపమును నిర్ణయించువారెవరు?

పశుసంతతిని మేలుచేయునట్లే మనుష్యజాతిని గూడ మేలుచేయవచ్చునని తలచిన ఆంగ్లేయ శాస్త్రజ్ఞుడు ఫ్రాన్సిస్ గాల్టన్ 1883లో ఆ యోచనకు 'యూజెనిక్స్' అని పేరిడెను. అమెరికా రాష్ట్రములు కొన్ని దానిని చట్టముగా జేసినవి. వర్జీనియాలో కారీ బక్ అను యువతికిని, ఆమె తల్లికిని, పసిబిడ్డ వివియన్‌కును బుద్ధిమాంద్యము గలదని అధికారులు నిర్ణయించిరి. కారీకి మరల సంతానము కలుగకుండ శస్త్రచికిత్స చేయుటకు 1927లో ఆ దేశపు సుప్రీంకోర్టు సమ్మతించెను. ఆ వివియనే 1931లో తన బడిలో ప్రతిభగల విద్యార్థుల పట్టికకెక్కెను!

1933నాటి జర్మను చట్టము సుమారు 4 లక్షలమందిని బలవంతముగా సంతానహీనులను గావించెను.

నేడు జన్యువులనే సవరింపగల నేర్పు మనకు లభించినది. రోగమును మాన్పుట మనకెల్ల సమ్మతమే. కాని ఎవరు పుట్టదగినవారో తేల్చుటకు పూనుకొనునపుడు మనము వివియన్‌ను తలచుకొనవలెను.