దూబగుంట సారా పోరాటము - వాచక పాఠము

నెల్లూరు జిల్లాలోని దూబగుంట స్త్రీలు సారాపై సాగించిన పోరాటమును రాజకీయ చరిత్రగను, స్త్రీల చరిత్రగను వ్రాసినవారు పెక్కురు గలరు. తెలుగు వాచకముతో దానికిగల సంబంధమును మేమిచట పరిశీలింపదలచితిమి.

1980 దశకములో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వము ‘వారుణి వాహిని’ అను పేర సారాను ప్యాకెట్లలో పంపిణీ చేయించినది. వారుణి యనగా సంస్కృతమున మద్యమే. కూలిజనుల కాపురములను కూల్చిన సరకునకింత సొగసైన పేరు పెట్టినవారి పాండిత్యమును మెచ్చుకొనవలసినదే! కల్లునకైనచో తాటితోపుకడకు పోవలెను. ప్యాకెట్టు గడపకడకే వచ్చెను. వేలముపాటలో హక్కు పొందిన గుత్తదారునకు అమ్మకము పెరుగుటయే లాభము; ప్రభుత్వమునకును ఆదాయమదే. ఈ లెక్కలకెక్కని పద్దొకటి గలదు. మగవాని కూలి సారాకు పోగా పొయ్యి రాజుట ఆడుదాని కూలిపై ఆధారపడెను. అతడు దానినిగూడ గుంజుకొనుట, ఈయనిచో కొట్టుట, ఇంటిలోని గింజలను, గిన్నెలను అమ్మివేయుట జరుగుచుండెడివి. ఇది ఇంటింటను ఉన్నదే. అయినను ఎవరి బాధ వారి తలవ్రాతగనే యుండెను.

1991 లో ఆ జిల్లాయందు అక్షరాస్యతోద్యమ మారంభమైనది. రాత్రిబడులలో చదివిన పాఠములలో ‘సీతమ్మ కథ’ యొకటి. ఊరి స్త్రీలు కూడి సారా దుకాణమును మూయించిన వృత్తాంతమది. దూబగుంట స్త్రీలు దానిని చదివి చర్చించిరి. వర్ధినేని రోశమ్మ మున్నగువారు ముందునిలువగా తమ ఊర సారా అమ్మకము నాపించిరి. పిదప వారి కథయే ‘ఆడవాళ్ళు ఏకమైతే’ అను పాఠమై ఇతర గ్రామములకు చేరినది. కథ కార్యమై, ఆ కార్యము మరల పాఠమగుట మన వాచకముల చరిత్రలో అరుదు.

అక్షరాస్యతయే ఈ పోరాటమునకు కారణమని కొందఱందురు. ఆ మాట పూర్తిగ సరికాదని మా అభిప్రాయము. సారావలని నష్టమును ఆ స్త్రీలకు ఏ పుస్తకమును నేర్పనక్కఱలేదు. పాఠము చేసిన పని వేఱు: నాలుగు గోడలనడుమ అణగియున్న మాట పదిమంది కూర్చున్నచోట బిగ్గఱగ చదువబడినది. అట్లు చదివినపుడు అది ఒక్కయింటి సిగ్గు కాక ఊరి తగవైనది.

1992 లో స్త్రీలు వేలముపాటలనే అడ్డగింపగా అవి పలుమార్లు వాయిదాపడినవి. 1993 ఏప్రిల్ 15 నుండి నెల్లూరు జిల్లాలోను, అక్టోబరు 1 నుండి రాష్ట్రమంతటను సారా నిషేధింపబడినది. 1995 జనవరిలో వచ్చిన సంపూర్ణ మద్యనిషేధము 1997 లో సడలినది. సారాపై నిషేధము తొలగలేదు. సీసాలలోని మద్యము మాత్రము దుకాణములకు తిరిగివచ్చినది.